ఉమ్మడి ఇంట్లో కొత్త కోడలు: వంటిల్లు, వ్రతాలు, వాటాలు

మీ ప్రశ్న రెండుసార్లు చదివాను. పెళ్ళయి ఏడాది తిరగలేదు. ఇద్దరివీ సాఫ్ట్‌వేర్ ఉద్యోగాలు, హైదరాబాద్‌లో అద్దె ఇల్లు ఖాళీ చేసి తణుకులో అత్తవారింటికి వచ్చేశారు, ఇంటి నుంచే పని. ఇంట్లో అత్తగారు, మామగారు, మామగారి తల్లి, బావగారు, తోడికోడలు, వాళ్ళ పిల్లలిద్దరు. "అందరూ మంచివాళ్ళే, ఎవరూ పల్లెత్తు మాట అనరు, అయినా సాయంత్రమయ్యేసరికి ఏడుపొస్తోంది" అన్నారు. ఆచారాలన్నీ పాటించాలా, జీతంలోంచి ఎంత ఇవ్వాలి, మామగారు అంటున్నట్టు లోన్ పెట్టి పైన అంతస్తు వేసుకోవాలా, లేక వేరే కాపురం పెట్టాలా అని అడిగారు. నేను ఉమ్మడి ఇంటికి కోడలిగా వచ్చి, అదే ఇంట్లో ఇప్పుడు అత్తగారినయ్యాను. కాబట్టి రెండు వైపుల సంగతీ చెప్తాను.

మంచివాళ్ళే అన్న మీ మాట నేను నమ్ముతాను. ఉమ్మడి ఇళ్ళలో చాలా గొడవలు మనుషుల గుణం వల్ల రావు, ఎవరూ నోరు విప్పి చెప్పని ఏర్పాట్ల వల్ల వస్తాయి. పొద్దున మొదటి కాఫీ ఎవరికి, గీజరు ఎవరి తర్వాత ఎవరికి, ఆదివారం కూర ఎవరి ఇష్టం, కరెంటు బిల్లు ఎవరు కడతారు, వీటన్నిటికీ మీ అత్తవారింట్లో కచ్చితమైన నియమాలున్నాయి. ఏళ్ళ తరబడి అలాగే నడుస్తున్నాయి కాబట్టి అవి నియమాలన్న సంగతి వాళ్ళకే తెలీదు. అడిగితే "అబ్బే, మా ఇంట్లో అలాంటి పట్టింపులేం లేవమ్మా, నీ ఇష్టం" అంటారు. నిజంగా మీ ఇష్టప్రకారం చేసిన రోజున ఇల్లంతా కాసేపు మూగపోతుంది. మీకు ఏడుపొచ్చేది అక్కడే. తప్పేమిటో ఎవరూ చెప్పరు, తప్పు జరిగిందని మాత్రం తెలుస్తూ ఉంటుంది. కాబట్టి మీరు చెయ్యాల్సింది వాళ్ళకి నచ్చేలా మారడం కాదు, ఒక్కో ఏర్పాటునీ మాటల్లో పెట్టించడం.

వంటింటితో మొదలుపెడదాం. కొత్త కోడళ్ళందరూ అత్తగారి వెనకాల నిలబడి "ఏం సాయం చెయ్యమంటారు?" అని అడుగుతారు. మర్యాదే, కాదనను. కానీ సాయం చేసేవాళ్ళకి పని ఎప్పటికీ అవదు. ఉల్లిపాయలయ్యాక కొత్తిమీర, కొత్తిమీరయ్యాక కంచాలు, కంచాలు పెట్టాక పిల్లలకి అన్నం కలపడం. మధ్యలో మీటింగుకి లేస్తే సగంలో వదిలేసి వెళ్ళిందన్న పేరు. దానికంటే ఒక పూట మొత్తం మీ చేతిలోకి తీసుకోండి. రాత్రి టిఫినే అనుకోండి. పప్పు నానబోయడం దగ్గర్నుంచి స్టవ్ గట్టు తుడవడం దాకా మీది, ఏం చెయ్యాలన్న నిర్ణయమూ మీదే. ఆ నిర్ణయం వదులుకోకండి. మన ఇళ్ళలో "ఈ పూట ఏం వండుదాం?" అన్నదానికి జవాబు చెప్పేవాళ్ళదే పెత్తనం. మిగతా పూటల జోలికి పిలిస్తే తప్ప వెళ్ళకండి. మొదట్లో "చిన్నకోడలు పొద్దున వంటింట్లోకి రాదు" అని ఒకటి రెండు మాటలు పడతాయి. రాత్రి వేళకి అందరికీ వేడివేడిగా నాలుగు అట్లు పడుతుంటే ఆ మాటలు ఎక్కువ కాలం నిలవవు.

ఇక అత్తగారి వైపు చూడండి. ఆవిడకి ఆ వంటిల్లు పుట్టుకతో రాలేదు. వాళ్ళత్తగారు ఇంకా ఇంట్లో ఉన్నారు కదా, అంటే తాళాలు ఆవిడ చేతికొచ్చి బహుశా పదేళ్ళు కూడా అయి ఉండదు. అప్పుడే మీ తోడికోడలు, వెనకాలే మీరు. అందుకని మొదటి ఏడాది పోపుల డబ్బా చోటు మార్చకండి. నవ్వుకోండి, పర్వాలేదు. కానీ నేను అత్తగారినయ్యాక తెలిసింది, చీకట్లో చెయ్యి పెడితే ఆవాలు దొరికే చోట మెంతులు తగిలితే ఒళ్ళు ఎంత మండుతుందో.

ఒక్క రోజు మాత్రం ఆఫీసుకి సెలవు పెట్టి మరీ వంటింట్లో ఉండండి. మే నెలలో ఆవకాయ పెట్టే రోజు. కాయలు కడిగి, తుడిచి, కత్తిపీట మీద టెంక పొరతో సహా కొట్టించాక, ఒక్కో ముక్కకీ లోపలి జీడి తీసి పొడిగుడ్డతో తుడవాలి. ఎక్కడ తడి మిగిలినా జాడీ అంతా బూజే. ఆ తుడిచే పని గంటల తరబడి సాగుతుంది, నేల మీద పాత చీరలు పరుచుకుని అందరూ చుట్టూ కూర్చుంటారు. ఎవరి పెళ్ళిలో ఎవరు అలిగారు, ఏ పొలం ఎందుకు అమ్మారు, మామగారు ఏ పరీక్ష తప్పారు, ఆ ఇంటి చరిత్రంతా ఆ పూటే బయటికొస్తుంది. మూడో రోజు జాడీ తిరగకలిపేటప్పుడు ఉప్పు చూడమని వేలిమీద వేసి మీకిస్తే, ఆ ఇంట్లో మీ మాటకి విలువ మొదలైందన్నమాట.

ఇంటి నుంచి పని అనేది పెద్దవాళ్ళకి అర్థం కాని విషయం. మనిషి ఇంట్లోనే ఉంది, కుర్చీలో కూర్చుంది, మరి పాలవాడికి తలుపు తియ్యడానికేం? వాళ్ళ తర్కంలో లోపం లేదు. "నేను బిజీ" అని చెప్తే వినబడదు. గోడకి వెంకట్రామా క్యాలెండర్ ఉంటుంది కదా, పాల లెక్క, గ్యాసు బండ మార్చిన తేదీ, తద్దినాల తిథులు అన్నీ దాని మీదే రాస్తారు. మీ ముఖ్యమైన మీటింగులు కూడా స్కెచ్ పెన్నుతో దాని మీదే రాయండి. ఆ క్యాలెండర్‌కెక్కినదానికి మన ఇళ్ళలో ఒక గౌరవం ఉంది. మీ మామగారే పిల్లల్ని "పిన్నికి పదకొండింటికి పనుంది, అటు వెళ్ళకండి" అని కేకలేస్తారు, చూస్తూ ఉండండి.

మీ ఆయన చేత కబుర్లు పంపకండి. వంటింటి విషయాలు, పనిమనిషి విషయాలు, ఎంత ఇబ్బందిగా ఉన్నా మీరే నేరుగా అత్తగారితో, అదీ ఇద్దరే ఉన్నప్పుడు మాట్లాడండి. కొడుకు నోట కోడలి మాట విన్న తల్లికి ఆ మాట మంచిదా చెడ్డదా అన్నది చెవికెక్కదు, కొడుకు చేత అనిపించిందన్నదొక్కటే గుర్తుంటుంది. డబ్బు, ఆస్తి సంగతి దీనికి పూర్తిగా తిరగేసి. అవి మీ ఆయనే మాట్లాడాలి, మీరు పక్కనే ఉండాలి. చాలా ఇళ్ళలో సరిగ్గా ఉల్టాగా జరుగుతుంది, అందుకే అన్ని తలనొప్పులు.

సినిమాకో షికారుకో వెళ్ళేటప్పుడు అడగాలా అన్నారు. అడగక్కర్లేదు, చెప్పాలి. "అత్తయ్యా, సాయంత్రం బయటికి వెళ్ళొస్తాం, రాత్రికి మాకు వండకండి" అని పొద్దునే చెప్తే చాలు. బియ్యం కొలిచి పొయ్యి మీద పెట్టాక చెప్తేనే ముఖం మాడుతుంది. మీ గదికి లోపల గడియ పెట్టుకోవడం గురించి మొహమాటపడకండి. తోడికోడలి పిల్లలు తలుపు తోసుకొచ్చేస్తున్నారంటే ఆవిడతోనే చెప్పండి, ఆవిడా ఆ దశ దాటొచ్చిన మనిషే.

ఇప్పుడు ఆచారాలు. ఇవి కులానికీ, ఊరికీ, ఇంటికీ మారిపోతాయి. తెలంగాణ వైపు ఇళ్ళలో ఒడిబియ్యానికీ బతుకమ్మకీ ఉన్న పట్టు మన గోదావరి జిల్లాల్లో శ్రావణ మాసానికుంటుంది. అందుకే జాబితా ఇవ్వను, నేను ఎలా వేరు చేస్తానో చెప్తాను. కొన్ని మనుషుల్ని కలపడానికి పెట్టుకున్నవి. శ్రావణ మంగళవారాల నోము, వరలక్ష్మీ వ్రతం, అట్లతద్ది ఇలాంటివే. కొత్త పెళ్ళికూతురు మంగళగౌరి నోము పట్టి ముత్తైదువులకి శనగల వాయనం ఇచ్చి వస్తుంటే, నాలుగు వారాల్లో వీధిలో ప్రతి ఇంటి గడపా తెలుస్తుంది. ఊరు కొత్తయిన మీకు అంతకంటే ఏం కావాలి? దేవుడి మీద నమ్మకం ఎంతున్నా ఇవి చెయ్యండి. వారం మధ్యలో కుదరదంటే పూజ పొద్దునే ముగించి పేరంటం సాయంత్రం ఆరు తర్వాత పిలవండి, ఇప్పుడు ఊళ్ళల్లోనూ అలాగే చేస్తున్నారు.

కొన్ని ఒక మనిషికి సంబంధించినవి. నానమ్మగారు మడి కట్టుకుంటారని రాశారు. అది ఆవిడ నియమం, మీది కానక్కర్లేదు. దండెం మీద ఎత్తుగా ఆరేసిన ఆవిడ చీర తగలకుండా పక్కనుంచి వెళ్తే చాలు. ఆ వయసులో ఆవిడ చేతిలో మిగిలిన పెత్తనం అదొక్కటే, దాని మీద వాదన పెట్టుకోవద్దు.

కొన్నిటికి కారణం ఎప్పుడో పోయింది, అలవాటు మిగిలింది. ఆషాఢంలో కొత్త కోడలు పుట్టింటికి వెళ్ళడం చూడండి. ఆషాఢంలో కడుపు పండితే కాన్పు నడి ఎండల్లో వస్తుందని, నాట్ల సమయంలో కొత్త జంట ధ్యాస పొలం మీదుండదని పెద్దలు చెప్పేవారు. మీకు రెండూ వర్తించవు. కానీ పుట్టింట్లో నెల రోజులు ఉండమంటే కాదనేవాళ్ళెవరు? లాప్‌టాప్ పట్టుకుని వెళ్ళిపోండి.

బయట ఉండే ఆ మూడు రోజుల సంగతి వేరు. విడిగా చాప, విడిగా కంచం అంటే నేనైతే ఒప్పుకోను, మిమ్మల్నీ ఒప్పుకోమనను. అయితే నానమ్మగారి ఎదురుగా తేల్చుకునే విషయం కాదది. అత్తగారితో విడిగా, "దేవుడి గదిలోకి రాను, మిగతా ఇల్లంతా తిరుగుతాను, పడకా కంచం మారవు" అని ఒకే మాట చెప్పండి, దాని మీదే ఉండండి. చాలామంది అత్తగార్లు లోపల సంతోషిస్తారు. వాళ్ళ కాలంలో వాళ్ళు అనలేని మాట అది.

పెద్దవాళ్ళ మందుల గురించి మీరు అడగలేదు, అయినా చెప్తాను. బీపీ, షుగరు మాత్రలు మన పెద్దవాళ్ళు పేరు చూసి వేసుకోరు, రంగు చూసి వేసుకుంటారు. గులాబీది పొద్దున, తెల్లది రాత్రి. మందుల షాపులో ఆ కంపెనీది లేక అదే మందు ఇంకో కంపెనీది ఇస్తే రంగు మారిపోతుంది, అక్కడితో లెక్క తప్పుతుంది. ఒకే మాత్ర రెండుసార్లు పడటం, అసలు పడకపోవడం, రెండూ జరుగుతాయి. ఏడు రోజుల గడుల మందుల పెట్టె ఒకటి కొని ఆదివారం పొద్దున నింపే పని మీ ఆయనకి అప్పగించండి. మీ ఆయనకి అంటున్నాను, మీకు కాదు. నానమ్మకి నెబ్యులైజర్ పెట్టడం, రాత్రి లేచి బాత్రూంకి తీసుకెళ్ళడం లాంటివన్నీ చడీచప్పుడు లేకుండా కోడళ్ళ వాటాకి వచ్చి పడతాయి. మనవలు ఉండగా అలా ఎందుకు? మొదటి నెలలోనే పంచుకోకపోతే ఆ తర్వాత పంచడం ఎవరి తరమూ కాదు.

డబ్బు దగ్గరికి వద్దాం. జీతంలో ఇంత శాతం అని నేను చెప్పను. రెండు సూత్రాలు మాత్రం గట్టిగా చెప్తాను. ఒకటి, నెలకింత అని ఒకే మొత్తం, ఒకే చేతికి, ఒకటో తారీఖునే ఇవ్వండి. కిరాణాకి ఒకసారి, పిల్లల ఫీజుకి ఒకసారి, గ్యాసుకి ఒకసారి అలా అప్పటికప్పుడు ఇస్తూ పోతే ఇచ్చినవాళ్ళకి వేలల్లో గుర్తుంటుంది, తీసుకున్నవాళ్ళకి వందల్లో గుర్తుంటుంది. రెండు, బావగారు ఎంత ఇస్తున్నారో మీకు తెలియాలి, మీరిచ్చేది వాళ్ళకి తెలియాలి. సమానంగా ఉండక్కర్లేదు. ఆయన దగ్గరుండి పొలం చూసుకుంటుంటే అదీ లెక్కే, తోడికోడలు రోజంతా చేసే చాకిరీ అంతకంటే పెద్ద లెక్క. ఈ నెలవారీ మొత్తంలో చదివింపులకి, ఆడపడుచు పండక్కి వస్తే పెట్టే చీరసారెలకి కొంత ముందే పక్కన పెట్టించండి. సంక్రాంతికి నాలుగు రోజుల ముందు ఎవరు పెట్టాలన్న గొడవ రాదు. మీ నగలు స్త్రీధనం, అవి మీవే. లాకరు మీ పేరు మీద, లేదా మీ ఇద్దరి పేరు మీద ఉండాలి. "అన్నీ ఒకచోటే ఉంటాయిలే" అని అత్తగారి బీరువాలో పెట్టడం ఇష్టమైతే పెట్టండి, కాకపోతే ఫొటోలూ బిల్లులూ మీ దగ్గరుంచుకోండి.

ఆడపడుచు ప్రస్తావన వచ్చింది కాబట్టి ఇది కూడా. "పెళ్ళి చేసి పంపేశాం, ఇక ఇద్దరన్నదమ్ములే" అని మీ ఇంట్లో అనుకుంటూ ఉంటే, చట్టం అలా అనుకోవట్లేదు. ఎన్టీఆర్ ప్రభుత్వ కాలంలో ఆంధ్రప్రదేశ్ 1986లో చేసిన సవరణే, 1985 సెప్టెంబరు 5 నాటికి పెళ్ళికాని కూతుళ్ళకి ఉమ్మడి ఆస్తిలో కొడుకులతో సమానంగా హక్కు ఇచ్చింది. కేంద్రం 2005లో హిందూ వారసత్వ చట్టాన్ని సవరించాక పెళ్ళయిందా లేదా అన్న తేడా కూడా పోయింది. ఆ సవరణ అమల్లోకొచ్చిన 2005 సెప్టెంబరు 9 నాటికి తండ్రి బతికి ఉండాలన్న నియమమేదీ లేదని సుప్రీంకోర్టు 2020 ఆగస్టులో వినీతా శర్మ కేసులో తేల్చింది. మామగారి స్వార్జితమైతే ఆయన ఇష్టం, ఎవరికైనా రాసుకోవచ్చు. రాయకుండా పోతే మాత్రం అత్తగారికీ, కొడుకులకీ, కూతురికీ సమానమే, ఆయనకంటే ముందు కాలం చెయ్యకపోతే నానమ్మగారికి కూడా.

వేరే వెళ్ళిపోవాలా అన్నదానికి అవునని గానీ కాదని గానీ చెప్పను. ఉమ్మడి కుటుంబమంటే ఒకే కప్పు, ఒకే పొయ్యి, ఉమ్మడి ఆస్తి, ఉమ్మడి పూజ అని సామాజికవేత్త ఇరావతి కర్వే చెప్పారు. ఇవన్నీ ఒకేసారి తెంచుకోవాలని ఎక్కడా లేదు. మా వైపు పల్లెల్లో ఒకే లోగిలిలో రెండు పొయ్యిలు పెట్టుకుని, తద్దినాలూ పండగలూ కలిపి చేసుకునే అన్నదమ్ములు చాలామంది ఉన్నారు. పొయ్యి వేరైనంత మాత్రాన మనుషులు దూరమైపోరు. మనసులు విరిగేదాకా ఆగి వేరుపడ్డవాళ్ళే మాట్లాడుకోవడం మానేస్తారు. ఒకవేళ ఎప్పుడైనా చెయ్యి లేచినా, ఏటీఎం కార్డు లాక్కున్నా, పుట్టింటికి వెళ్ళనివ్వకపోయినా, కట్నం మాట ఎత్తినా అది సర్దుకుపోయే విషయం కాదు, 181కి ఫోన్ చెయ్యండి. 2005 గృహహింస చట్టం కింద, ఇల్లు అత్తమామల పేరు మీదున్నా కాపురం చేసిన ఇంట్లో ఉండే హక్కు కోడలికుంటుందని సుప్రీంకోర్టు 2020 అక్టోబరులో చెప్పింది. పెద్దవాళ్ళకీ అలాగే రక్షణ ఉంది. చూసుకుంటామన్న షరతు మీద ఆస్తి రాయించుకుని చూడకపోతే, 2007 తల్లిదండ్రుల పోషణ చట్టం కింద ఆ రాత రద్దు చేయించుకోవచ్చు. మీ మామగారికీ ఈ సంగతి తెలిసి ఉండటం మంచిదే.

ఇక పై అంతస్తు. మీ ప్రశ్నలో నన్ను భయపెట్టింది ఇదొక్కటే. స్థలం మామగారిది, లోన్ మీ ఆయన పేరు మీద, నెలనెలా ఈఎంఐ మీ ఇద్దరి జీతాల్లోంచి. "ఎలాగూ మీకే కదా" అని ఆయన మనస్ఫూర్తిగానే అంటున్నారు. కానీ రేపు పంపకాలప్పుడు, ఆ అంతస్తు మీ డబ్బుతో కట్టిందని చూపించే కాగితం లేకపోతే, అదీ మామగారి ఇంట్లో భాగమైపోయి మొత్తం వాటాలకే వస్తుంది. వడ్డీ మీద పన్ను మినహాయింపు దగ్గర కూడా, ఇల్లు పేరు మీద లేనివాళ్ళకి చిక్కే. బావగారికేమో "ఇంత పెద్ద ఇల్లు తమ్ముడికి రాసేశారు" అనిపిస్తుంది, మీకేమో "ఇరవై ఏళ్ళు కట్టింది మేము" అనిపిస్తుంది. ఇద్దరిదీ న్యాయమే, అదే చిక్కు.

లోన్ ఇంకా మంజూరు కాలేదన్నారు, కాబట్టి ఇప్పుడే ఈ పనులు చేయించండి. మామగారికి ఆ స్థలం ఎలా వచ్చిందో పాత దస్తావేజు చూడండి. తాతగారిదా, ఆయన కొన్నదా అన్నది అక్కడే తేలుతుంది. రిజిస్ట్రార్ ఆఫీసులో ఈసీ, అంటే ఆ ఆస్తి మీద జరిగిన లావాదేవీలు చూపించే ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్, తీయించండి. ఆయన స్వార్జితమే అయితే, పై భాగం వరకు, స్థలంలో విడదీయని వాటాతో సహా, మీ ఆయన పేర సెటిల్మెంట్ డీడ్ (ఇంట్లోవాళ్ళకి ఆస్తి రాసిచ్చే దస్తావేజు) రాసి రిజిస్టర్ చేయించమనండి. కింది భాగం పెద్దబ్బాయికో, అత్తగారికో ఎలా అనుకుంటున్నారో అదే రోజున రాయించమనండి. తాతగారి నుంచి వచ్చిన ఉమ్మడి ఆస్తి అయితే ఆయన ఒక్కరే రాస్తే చాలదు, బావగారితో పాటు ఆడపడుచు కూడా కూర్చుని సంతకం పెట్టాలి. మీ ఆయన ఈ మాట నలుగురి మధ్యా ఎత్తాలి, బావగారికి విడిగా ముందే చెప్పి మరీ ఎత్తాలి. "నమ్మకం లేకనా?" అని ఎవరో ఒకరు అంటారు. "నమ్మకం ఉన్నప్పుడే రాసుకోవాలి మామయ్యగారూ, పోయాక ఎవరు రాస్తారు?" అని మీరే నవ్వుతూ అనేయండి. డీడ్ చేతికొచ్చేదాకా మేస్త్రీకి అడ్వాన్సు ఇవ్వకండి.